పిట్టలకు కడియం వేసిన మేడమ్

మేడమ్ పోయారని మొన్న పొద్దున ఆమె తమ్ముడు ఫోన్ చేసి చెప్పారు. రాంగోపాల్‌పేట్‌లో నా కుట్టుదుకాణం షట్టర్ అప్పటికి సగమే ఎత్తాను. మళ్లీ దించి చిలకలగూడకు ఆటో ఎక్కాను. వెళ్లేసరికి ఆమెను వరండాలో పడుకోబెట్టి ఉంచారు. కాలేజీలో ఆమె దగ్గర చదువుకున్నవాళ్లు చాలామంది వచ్చారు. నేను ఆమె దగ్గర చదువుకోలేదు. పిట్టను చేత్తో పట్టుకోవడం నేర్చుకున్నాను.

మా పరిచయం సంచులతో మొదలైంది. నాడా పెట్టి చిన్న గుడ్డసంచులు కుట్టమన్నారు. కుట్టి ఇస్తే మరునాడు అన్నీ తిరిగి తెచ్చారు.

"మంచిగనే కుట్టినవ్ బిడ్డా. గని దారాలు లోపటికి ఉన్నయి. తిప్పి కుట్టాలె."

"అట్ల కుడితె బయటికి మంచిగ కనవడదు మేడమ్."

"బయట చూసేటోళ్లు ఎవరున్నరు? లోపట పిట్ట ఉంటది. దారాలల్ల గోర్లు చిక్కుకుంటె కాలు ఇరుగుతది."

సంచి లోపలివైపు నున్నగా ఉండాలని అడిగిన గిరాకీ నాకు ఆమె ఒక్కరే.

ఆ సంచులతో ఏం చేస్తారో చూద్దామని ఒక ఆదివారం వెంట వెళ్లాను. తర్వాత మానలేదు. చలికాలమంతా, అటవీశాఖ అనుమతితో, కంటోన్మెంట్ దాటాక ఒక చెరువు వెనక తుప్పల మధ్య సన్నని వల కట్టేవారు. పడ్డ పిట్టను జాగ్రత్తగా విడిపించి, సంచిలో వేసి తూచేవారు. రెక్క కొలిచేవారు. పొట్ట ఈకలు ఊది కొవ్వు ఎంత పట్టిందో చూసేవారు. కాలికి నంబరున్న అల్యూమినియం రింగు వేసి వదిలేసేవారు. దాన్ని ఆమె కడియం అనేవారు. ఆ పిట్ట మళ్లీ ఎక్కడైనా ఎవరికైనా దొరికితే, ఎంత దూరం వెళ్లిందో నంబరును బట్టి తెలుస్తుంది.

మమ్మల్ని దింపే ఆటో ఆయనకు ఇదంతా నవ్వులాట. "పట్టుడెందుకు, ఇడ్సుడెందుకమ్మా? కోసుకొని తిన్నా ఒక అర్థముంటది."

"నిన్ను సుత పట్టి తూచి ఇడుస్తా, దా," అనేవారు మేడమ్.

మా ఊళ్లో జొన్నచేను మంచె ఎక్కి వడిసెలతో పిట్టలను తోలినదాన్ని నేను. ఆ చేతికి ఆమె పట్టు నేర్పారు. మెడ చూపుడువేలికీ నడిమివేలికీ మధ్య ఉండాలి, వీపు అరచేతికి ఆనాలి. రొమ్ము మీద ఒత్తిడి పడితే దానికి ఊపిరాడదు. "అది మన దగ్గరికి వచ్చిన పిట్ట కాదు, మనకు దొరికిపోయిన పిట్ట. యాది పెట్టుకో," అనేవారు. నోరు తెరిచి రొప్పితే ఏ పని మిగిలినా వదిలేయాలన్నది ఆమె నియమం.

పోయిన చలికాలం ఆ నియమమే అడ్డం వచ్చింది.

వలలో ఒక గోధుమరంగు పిట్ట పడింది. ముక్కు కొస వంగి ఉంది, కళ్ల మీదుగా నల్లపట్టీ. ఉత్తరాన పుట్టి చలికి ఇటు వచ్చే రకం. ఎండలు ముదిరేలోగా అంత దూరమూ తిరిగి వెళ్లాలి. మేడమ్ పట్టకారుతో కడియం మూయబోయారు. అప్పటికే కొన్నాళ్లుగా ఆమె చేయి వణుకుతోంది. ఇద్దరమూ ఆ మాట ఎత్తేవాళ్లం కాదు. పట్టకారు జారింది. ఎదురెదురుగా కలవాల్సిన కడియం కొసలు ఒకదాని మీదికొకటి ఎక్కి బిగిశాయి.

అలాగే వదిలితే కొస కాల్లోకి దిగుతుంది, కాలు ఎండిపోతుంది. తీయాలంటే కడియంలోకి రెండు నైలాన్ దారాలు దూర్చి చెరోవైపు లాగాలి. కాస్త ఎక్కువ లాగితే కాలు పుటుక్కుమంటుంది.

"నాతోని కాదు బిడ్డా. నేను పట్టుకుంట, నువ్వు లాగు," అన్నారు. నాతోని కాదు అని ఆమె అనగా అంతకుముందెన్నడూ వినలేదు.

ఆమె పిట్ట ఉన్న చేతిని తన మోకాలికి గట్టిగా ఆనించారు. నేను దారాలు దూర్చాను. పిట్ట ఆమె బొటనవేలు కరిచి పట్టుకుంది. రక్తం వచ్చినా ఆమె కదల్లేదు. కొంచెం సందు విచ్చిందనగా పిట్ట వేలు వదిలేసి, నోరు తెరిచి రొప్పసాగింది.

"ఇడుద్దామా మేడమ్?"

"ఇడిస్తె కాలు పోతది."

"పట్టుకుంటె పాణం పోతది గదా."

"సంచి తే," అన్నారు.

చీకటిగా ఉంటే పిట్ట కుదుటపడుతుంది. సంచిలో వేసి నీడన తుమ్మకొమ్మకు తగిలించి, ఇద్దరం కింద కూర్చున్నాం. సంచి కాసేపు కదిలింది. తర్వాత ఆగిపోయింది. నేను లేవబోతే కొంగు పట్టి కూర్చోబెట్టారు. "ముట్టకు." నేను సంచినే చూస్తున్నాను. ఆమె మాత్రం అటు చూడకుండా తన కుడిచేయి చూసుకుంటున్నారు. వేలి మీది రక్తం తుడుచుకోలేదు.

ఎంతసేపటికో గుడ్డ మీద గోరు గీరిన చప్పుడైంది.

ఈసారి పిట్ట నోరు మూసుకునే ఉంది. ఊపిరి బిగబట్టి లాగాను. కడియం విచ్చుకుని ఆమె ఒళ్లో పడింది. కాలి మీద ఎర్రటి గీత. వేళ్లు ముడుస్తోందో లేదో చూసేలోగా మళ్లీ నోరు తెరిచింది. ఆమె వెంటనే చేయి విప్పేశారు.

పిట్ట నేలబారుగా పోయి, అవతలి తుమ్మ చివరన వాలి, ఒక కాలు పొట్ట ఈకల్లోకి ముడుచుకుంది. పిట్టలు తీరిగ్గా ఉన్నప్పుడు అలా నిలబడతాయి. నొప్పి ఉన్న కాలునూ అలాగే దాచుకుంటాయి.

"ఏ కాలు మీద నిలబడ్డది?" అని అడిగారు.

అంత దూరానికి నాకు చూపు ఆనలేదు. ఆమె లేచి మెడలోని బైనాక్యులర్ ఎత్తారు కానీ అది చేతుల్లో నిలవలేదు. నేను వెనక నిలబడి ఆమె రెండు మోచేతుల కింద నా అరచేతులు పెట్టాను.

"దొరికిందా మేడమ్?"

"దొరికింది. మాట్లాడకు."

చాలాసేపటికి అన్నారు. "కుడికాలే. కడియం తీసిన కాలు మీదనే నిలబడ్డది." అటే చూస్తూ, "పట్టకారు ఇగ నీ దగ్గర్నే పెట్టుకో బిడ్డా," అన్నారు.

పిట్ట ఎగరలేదు. ఆమె బైనాక్యులర్ దించలేదు. మోచేతుల వణుకు నా అరచేతుల్లోకి వస్తూనే ఉంది.