క్రిసాంతా కోసం తెచ్చిన రిబ్బను

దొమితీలాకు మనవలు లేరు. ఉన్న ఒక్క కొడుకు ఇలారియో పెళ్ళి చేసుకోలేదు. అయినా ఆదివారం తప్ప రోజూ ఆమె అబుందియో ఇంటి వాకిట్లో, మగ్గం పక్కన పీట వేసుకుని, ఆ ఇంటి నాయనమ్మగా కూర్చుంటుంది. పట్నం నుంచి వ్యాను వస్తుంది. గైడు ఎఫ్రాయిన్ టోపీ తీసి గుండెకు ఆనించుకుని, "ఈ ఇంటి పెద్దదిక్కు, మా నాయనమ్మ" అని చూపిస్తాడు. వచ్చినవాళ్ళు ఫోన్లు పైకెత్తుతారు.

వాళ్ళది ఒక్క పగటి ప్రయాణం. పొద్దున నల్లకుండల ఊరు, తర్వాత తివాచీలు నేసే మా ఊరు శాంతా రుఫీనా, ఆ తర్వాత రంగుల చెక్కబొమ్మల ఊరు, భోజనం, చివరికి మెస్కాల్ సారా బట్టీ. బట్టీ దగ్గర ఆలస్యం కాకూడదు కాబట్టి మా ఊళ్ళో తొందరపెడతారు. ఆ కాసేపట్లో దొమితీలా చేయాల్సింది ఒకటే పని. నాగజెముడు మట్టల మీద పెరిగే పురుగుల్ని ఎండబెట్టి డబ్బాలో ఉంచుతారు. వాటిని చిటికెడు తీసి అరచేతిలో నలుపుతుంది. చెయ్యి నెత్తురు రంగుకు తిరుగుతుంది. నిమ్మకాయ పిండితే నారింజ. సున్నం చల్లితే ఊదా. జనం నోళ్ళు తెరుస్తారు. వెనక గోడకు వేలాడే ఎర్ర తివాచీలన్నీ ఈ పురుగు రంగేనని ఎఫ్రాయిన్ చెబుతాడు. అవి బజారులో పొట్లాల్లో అమ్మే రంగులో ముంచినవని మా ఊళ్ళో మగ్గం ఉన్న ప్రతి ఇంటికీ తెలుసు.

ఆ పీట మొదట క్రిసాంతాది. ఆమె అబుందియో కన్నతల్లి, ఆ ఇంటి అసలు నాయనమ్మ. గోడ మీది నమూనాల్లో సగం ఆమె చేతిలో పుట్టినవే. ఆమెకు నవ్వడం రాదు. దానితో ఎలాగో సర్దుకున్నారు. ఒకరోజు వచ్చినవాళ్ళలో ఒకాయనకు స్పానిష్ బాగా వచ్చు. గైడును పక్కకు పెట్టి నేరుగా ఆమెనే అడిగాడు.

"అమ్మా, ఇంత పెద్ద తివాచీకి ఎన్ని పురుగులు పట్టాయి?"

"దీనికా? ఒక్కటీ పట్టలేదు," అంది క్రిసాంతా. "పురుగు చేతికి, పొట్లం ఉన్నికి."

ఆ వ్యాను ఏమీ కొనకుండా వెళ్ళిపోయింది. మర్నాటి నుంచి క్రిసాంతా వెనక వంటింటికి మారింది. ఆ సాయంత్రమే అబుందియో దొమితీలా ఇంటికి వచ్చాడు. అతనికి జ్ఞానస్నానం చేయించిన జ్ఞానతల్లి దొమితీలా. అప్పటినుంచి క్రిసాంతా, ఆమె ఒకరికొకరు కొమాద్రెలు. మా దగ్గర ఆ వరుస తోబుట్టువుల కన్నా దగ్గరిది.

"పిన్నీ, నీ జడలు చూడముచ్చటగా ఉంటాయి. ఊరికే కూర్చుని నవ్వితే చాలు," అన్నాడు.

"మీ అమ్మ ఉంది కదరా."

"అమ్మకు మోకాళ్ళ నొప్పులు."

క్రిసాంతా మోకాళ్ళకు ఏమీ కాలేదని దొమితీలాకు తెలుసు. ఇలారియో నేసే తివాచీలు అబుందియో తప్ప ఇంకెవరూ తీసుకోరనీ తెలుసు. వెళ్ళి కూర్చుంది. ఆ రోజు నుంచి క్రిసాంతా ఆమెతో మాట్లాడలేదు. చర్చిలోనైనా, పిండిమర దగ్గరైనా, గోడను చూసినట్టు చూసేది.

మా ఊళ్ళో ఆడమనిషి పోతే జడలు వేసేది కూతురు కాదు, కోడలు కాదు. కొమాద్రె వేయాలి. బతికినన్నాళ్ళూ దువ్వెనకు వచ్చిన వెంట్రుకల్ని ఎవరికి వాళ్ళు ఒక గుడ్డసంచిలో దాచుకుంటారు. ఆ సంచిని శవపేటికలో తల కింద పెట్టాలి. లేకపోతే పోయిన మనిషి రాలిన వెంట్రుకలు ఏరుకుంటూ దారుల్లో తిరుగుతుందంటారు. పడుచుతనంలో, వాగులో తలంట్లు పోసుకుని ఒడ్డున కూర్చున్నప్పుడు, ఇద్దరూ ఒక మాట అనుకున్నారు. ముందు పోయినదానికి ఉన్నది జడలు వేయాలని.

చచ్చినవాళ్ళ పండుగ దగ్గర పడుతుండగా, వ్యాన్లు ముమ్మరంగా వచ్చే రోజుల్లో, క్రిసాంతా మంచం పట్టింది. పోయే ముందు కోడలు ఎల్వీరాను పిలిచి, "జడలు అది వెయ్యాలి. మీరెవరూ ముట్టుకోకండి," అంది. అది అంటే ఎవరో ఎల్వీరా అడగనక్కర్లేకపోయింది.

కబురు విని దొమితీలా ఏడవలేదు. దుకాణానికి వెళ్ళి కొత్త రిబ్బను కొంది. ఆకుపచ్చది. క్రిసాంతా పెళ్ళికాక ముందు కట్టుకునే రంగు.

మర్నాడు పొద్దున్నే వెనక సందులోంచి, పందుల దొడ్డి పక్కగా ఆ ఇంటికి వెళ్ళింది. ఊరంతా అటునుంచే రావాలని అబుందియో మైకులో చెప్పించాడు. నల్లగుడ్డ కూడా వెనక తలుపుకే కట్టాడు. ముందు గుమ్మానికి ఎప్పటిలాగే ఎర్ర తివాచీ వేలాడుతోంది. ఊరివాళ్ళు కొవ్వొత్తులు, మొక్కజొన్నలు, చాక్లెట్ ఉండలు, బంతిపూలు మోసుకుని పందుల్ని తప్పించుకుంటూ లోపలికి వస్తున్నారు.

వెనక గదిలో సాంబ్రాణి పొగ. చాప మీద క్రిసాంతా, చుట్టూ ఆడవాళ్ళు. తలవైపున వెంట్రుకల సంచి. దొమితీలా మోకాళ్ళ మీద కూర్చుని, దువ్వెన తీసి, ఆ తల ఒళ్ళోకి తీసుకోబోయింది. ఎల్వీరా గుమ్మంలో నిలబడింది.

"పిన్నీ, వ్యాను వచ్చింది."

"జడలు వేసి వస్తాను."

"కాసేపే. రంగు చూపించేసి వచ్చెయ్యి."

"ఈ రోజు నువ్వు చూపించు. నీకు చేతుల్లేవా?"

"నాకు జడల్లేవు కదా," అంది ఎల్వీరా, కత్తిరించిన జుట్టు చెవి వెనక్కి తోసుకుంటూ.

ఆమె వెనకే అబుందియో వచ్చాడు. కళ్ళు ఎర్రగా ఉన్నాయి. తల్లి పోయిందని అతనికి బాధ లేదని ఎవరూ అనలేరు.

"పిన్నీ, ఇవాళ తలుపు మూస్తే ఎఫ్రాయిన్ వాళ్ళని నేరుగా పొన్సియానో మగ్గాల దగ్గరికి తోలుకుపోతాడు. ఒకసారి అక్కడ అలవాటు పడ్డాడంటే ఇక మన గుమ్మం తొక్కడు. ఇలారియో సరుకు నేనెక్కడ అమ్మేది?"

"అబుందియో, మీ అమ్మరా."

"అమ్మ ఆగుతుంది. వాళ్ళు ఆగరు."

గదిలో జపమాల తిప్పుతున్న చేతులు ఆగాయి. మూలన కూర్చున్న ముసలి ఫోర్తునాతా తల ఎత్తకుండానే అంది, "వెళ్ళవే దొమితీలా. నీ మనవలు వచ్చారట. ఆకలితో ఉన్నారేమో."

ఒకరిద్దరు నోటికి శాలువా అడ్డం పెట్టుకున్నారు. దొమితీలా దువ్వెన క్రిసాంతా పక్కన పెట్టింది. రిబ్బను ముందుగుడ్డ జేబులో కుక్కుకుంది. "ఎవరూ ముట్టుకోకండి, ఇప్పుడే వస్తాను," అని లేచింది.

వాకిట్లో ఎఫ్రాయిన్ అప్పటికే సగం కథ చెప్పేశాడు. దొమితీలా పీట మీద కూర్చుని పురుగులు నలిపింది. నిమ్మకాయ పిండింది. సున్నం చల్లింది. గోడ అవతల జపం మొదలైంది.

"ఏంటా పాట?" అని ఎవరో అడిగారు.

"ఇంట్లో ప్రార్థన. వీళ్ళు చాలా భక్తిపరులు," అన్నాడు ఎఫ్రాయిన్.

దొమితీలా చేతులు తుడుచుకుని లేవబోయింది. అప్పుడొకావిడ ముందుకు వచ్చింది. పొడుగాటి మనిషి, నెరిసిన జుట్టు భుజాల దాకా వదిలేసుకుంది. దొమితీలా జడల్ని, జేబులోంచి వేలాడుతున్న రిబ్బను కొసను చూసి ఎఫ్రాయిన్‌తో ఏదో చెప్పింది.

"అవ్వా, ఈమెకు జడలు వేస్తావా అని అడుగుతోంది. చిన్నప్పుడు వాళ్ళమ్మ వేసేదట. వాళ్ళమ్మ ఈ మధ్యే పోయిందట."

"నాకు పనుందని చెప్పు నాయనా. ఈ రిబ్బను ఇంకొకరిదని చెప్పు."

ఎఫ్రాయిన్ అబుందియో వైపు చూశాడు. అబుందియో, ఆవిడ చేతిలో అప్పటికే చుట్టి ఉన్న పెద్ద తివాచీ వైపు చూశాడు.

"ఎంతసేపు పిన్నీ. వేసెయ్యి," అన్నాడు.

ఎఫ్రాయిన్ ఆవిడ వైపు తిరిగి, ఆ రిబ్బను నాయనమ్మకు ప్రాణంతో సమానమనీ, మీ కోసం ఇస్తోందనీ చెప్పాడు. ఆవిడ కళ్ళు చెమర్చాయి. పీట ముందు నేల మీద కూర్చుని వీపు తిప్పింది. ఆమె తప్పేమీ లేదు. గోడ అవతల ఏముందో ఆమెకెవరు చెప్పారు?

దొమితీలా ఆ పరాయి తలను రెండు పాయలు చేసింది. చేతులు వాటంతట అవే జడ అల్లాయి. ఆకుపచ్చ రిబ్బను జడలో కలిసిపోయింది. కొసలు తల చుట్టూ తిప్పి నుదుటి మీద ముడి వేసింది. జనం చప్పట్లు కొట్టారు. "నాకూ, నాకూ" అంటూ ఇంకో ఇద్దరు కూర్చున్నారు. ఎల్వీరా లోపలికి పరిగెత్తి, చేతికి దొరికిన నూలు తెచ్చి ఇచ్చింది. మూడో తల మీద ఉండగా చర్చి గంట మొదలైంది. పూజకు శవం బయలుదేరాల్సిన గంట.

దొమితీలా ఆ జడ సగంలో వదిలేసి వెనక్కి పరిగెత్తింది.

గదిలో పెట్టెకు మేకులు కొట్టేశారు. బ్యాండువాళ్ళు సందులో నిలబడి బూరలు సరిచూసుకుంటున్నారు.

"ఎవరు వేశారు?" అంది దొమితీలా.

"కోడలే వేసింది," అంది ఫోర్తునాతా. "ఫాదరు తొందరపెట్టాడు. నీ కోసం ఎంతసేపని చూస్తాం?"

"రిబ్బను?"

"రిబ్బను ఎక్కడిది? మగ్గం మీది ఎర్ర నూలు తెంపుకొచ్చింది."

పొట్లం ఎరుపు. చాప మడత పెడుతుంటే దాని కింద వెంట్రుకల సంచి కనిపించింది. ఆ హడావుడిలో ఎవరికీ గుర్తురాలేదు. పెట్టె తెరవమని దొమితీలా అబుందియోను అడిగింది. అతను తల అడ్డంగా ఊపాడు. "మేకులు కొట్టాక తెరవకూడదు పిన్నీ. అమ్మకు మంచిది కాదు." అప్పుడు మాత్రం ఆచారం గుర్తొచ్చింది అతనికి.

ఊరేగింపులో ఆమె అందరి వెనకా, ఆ సంచి ముందుగుడ్డలో చుట్టుకుని నడిచింది. ఆమె పక్కన ఎవరూ నడవలేదు. వ్యాను అప్పటికే చెక్కబొమ్మల ఊరి దారి పట్టింది. ఆకుపచ్చ రిబ్బను దాంట్లోనే పోయింది.

తొమ్మిదో రోజు సమాధి మీద సిలువ ఎత్తుతారు. అందరూ వెళ్ళిపోయాక దొమితీలా అక్కడే ఉండిపోయింది. గొర్రెల కత్తెర తెచ్చుకుంది. తన జడలు రెండూ మెడ దగ్గర కోసేసి, క్రిసాంతా సంచిలో పెట్టి, సిలువ మొదట్లో మట్టి తవ్వి పూడ్చింది. సమాధుల కాపరి చూసి, ఇదేం పని అని అడిగాడట.

"నాకు జడలు వేయాల్సింది ఇదే కదా," అందట. "అక్కడికే పంపుతున్నాను."

మర్నాడు తలకు శాలువా చుట్టుకుని పీట దగ్గరికి వచ్చింది. శాలువా తీయగానే ఎల్వీరా నెత్తిన చేతులు పెట్టుకుంది. ఇక నన్ను వదిలేస్తారని దొమితీలా అనుకుని ఉంటుంది. ఆ మాట ఇలారియోతో అన్నది కూడా. వాళ్ళు వదల్లేదు. అబుందియో బూడిదరంగు గొర్రె ఉన్ని తెప్పించాడు. ఎల్వీరా కూర్చుని రెండు పొడవాటి జడలు అల్లి, చెవుల దగ్గర పిన్నులతో గుచ్చింది. ఆ ఇంట్లో పొట్లం రంగు తగలని వస్తువు అదొక్కటే.

ఇప్పుడు ఆ ప్రయాణంలో జడలు వేయడం కూడా చేర్చారు. గుమ్మం పక్కన బుట్టలో రంగురంగుల రిబ్బన్లు పెట్టారు. దొమితీలా వరసగా తలలు అల్లుతుంది. నవ్వమంటే నవ్వుతుంది. పోయిన వారం ఒక అమ్మాయి ఆమె జడను చేత్తో నిమిరి, ఈ వయసులో ఇంత ఒత్తుగా ఎలా ఉందని అడిగింది.

"గొర్రెను అడగమ్మా," అంది దొమితీలా.

"రోజూ నాగజెముడు రసం రాస్తుందట," అన్నాడు ఎఫ్రాయిన్.

ఆ అమ్మాయి ఫోన్లో రాసుకుంది.