బూరెలో అగ్నిపర్వతం

వేడి పూర్ణం బూరెకు బొటనవేలితో గుంట చేసి నెయ్యి పోసినప్పుడు వచ్చే వాసన ఈ రోజుకీ నన్ను పాలకొల్లు దగ్గరి మా ఊరి భజన మందిరానికి లాక్కుపోతుంది.

కనుచూపుమేర వరిచేలూ కొబ్బరితోటలూ తప్ప చిన్న గుట్టయినా లేని ఊరు మాది. అందుకే దీపావళి మర్నాడు గోవర్ధన పూజకు అన్నంతోనే కొండ పోసి, కొండై పూజలందుకున్న ఆ స్వామికి నివేదించేవాళ్ళం. నేను ఏడో తరగతి చదివే ఏడు, భజన నడిపించే మా తాతయ్యకు దేశంలోని కొండలన్నీ పోయాలని బుద్ధి పుట్టింది. మ్యాపు పని నాకప్పగించి, "ఒక్క కొండా తప్పకుండా చూపించావంటే తొలి హారతి నీదేనే" అన్నారు. పరీక్షలో మ్యాపుకు సున్నా తెచ్చుకున్న నేను, ఆ హారతి కోసం వారం రోజులు అట్లాసును తలగడ కింద పెట్టుకు పడుకున్నాను.

ఆ ఉదయం ఇంగువ పోపూ పచ్చకర్పూరమూ కలగలిసిన వాసనల మధ్య, వరసగా పరిచిన అరిటాకుల మీద బియ్యప్పిండితో దేశాన్ని గీశాను. పైన దద్దోజనంతో హిమాలయాలు, ఎడమ పక్కన కొబ్బరన్నంతో ఆరావళి, నడుమ చక్రపొంగలితో వింధ్య, సాత్పురాలు, పడమటి కనుమలకు రవ్వకేసరి, తూర్పు కనుమలకు పులిహోర. దద్దోజనం పలచనై హిమాలయాలు గంగ ఒడ్డుకు జారిపోతుంటే, అత్తయ్యలు మిగిలిన పులిహోరంతా మన వైపే కుమ్మరించారు.

సోషల్ మాస్టారు వచ్చి కళ్ళజోడు సవరించుకున్నారు.

"ఏంటమ్మాయ్, తూర్పు కనుమలు హిమాలయాల్ని మించిపోయాయి?"

"పులిహోర ఎక్కువైందండి."

మందిరమంతా గొల్లుమంది. మాస్టారు ఒక్కో కొండ పేరే అడుగుతుంటే, నీలగిరుల దాకా తడబడకుండా చూపించాను.

"మరి నిప్పులు కక్కే కొండేదీ?"

అండమాన్ల వైపు ఉన్న బారెన్ ద్వీపం నాకు తెలుసు, వేయడమే మరిచిపోయాను. తాతయ్య అప్పటికే హారతి పళ్ళెం పట్టుకుని నిలబడ్డారు. చటుక్కున ఒక వేడి బూరె తీసి, ఆకులు దాటి సముద్రం ఉండాల్సిన చోట తమలపాకు మీద పెట్టి, బొటనవేలితో గుంట చేసి, పొంగి పొర్లేదాకా నెయ్యి పోశాను.

"ఇదేనండి, బారెన్ ద్వీపం!"

మాస్టారు వంగి చూశారు. "లావా బాగానే కాగింది. పూజయ్యాక నాకో రెండు అగ్నిపర్వతాలు దాచండమ్మా!"

తాతయ్య పళ్ళెం నా చేతికిచ్చారు. తాళాల హోరులో హారతి తిప్పుతుంటే, నేనెన్నడూ చూడని కొండలన్నీ ఒక్క స్వామి రూపమై నా ఎదుట నిలిచాయి.

ఇప్పుడా మందిరంలో ప్రసాదం మూత డబ్బాల్లో ఇస్తున్నారు. తాతయ్య లేరు, ఆకుల మీద దేశమూ లేదు. నిరుడు బదరీ యాత్రలో, లేత ఎండ పడిన మంచుకొండలను మొదటిసారి చూసి చేతులు జోడిస్తే, నా నోట వచ్చింది మంత్రం కాదు.

"తాతయ్యా, ఈ దద్దోజనం జారలేదు!"