రెండోసారి బిగించని పట్టీ

జీను పట్టీ బిగించేటప్పుడు గుర్రం గాలి పీల్చి పొట్ట ఉబ్బించుకుంటుందని నాకు చెప్పింది అంకులే. అందుకని ఒకసారి బిగించి, కాసేపు నడిపించి, అది గాలి వదిలేశాక మళ్లీ బిగించాలి. లేకపోతే పరుగులో జీను పక్కకి జారుతుంది, మీదున్న మనిషితో సహా.

అంకుల్ మా అమ్మానాన్నల స్నేహితులు, రిటైరైన డాక్టరు. ఫ్రిస్కోలో మాకు రెండు వీధుల అవతల ఉంటారు. నెపోలియన్ కాలపు యుద్ధాలని వేషాలు వేసి ఆడి చూపించే ఒక బృందంలో ఆయన అశ్వికదళ అధికారి. టెక్సాస్ ఎండలో ఉన్ని కోటు, ఛాతీ నిండా బంగారు రంగు అల్లికలు, నడుముకి వంపు కత్తి. వాళ్లింట్లో పుస్తకాల బీరువా ముందు నేను గంటలకొద్దీ నిలబడటం చూసి, గుర్రాన్ని సిద్ధం చెయ్యడానికి సాయం వస్తావా అని ఒకరోజు అడిగారు. భుజానికి సర్జరీ అయ్యాక ఆయన చెయ్యి సరిగ్గా లేవడం లేదు. కాదనడం నాకు రాదు. గుర్రాలంటే భయమని కూడా చెప్పలేకపోయాను. డైరీలో రాసుకున్నాను.

శనివారాలు ఆయనతో గుర్రాల శాలకి వెళ్లేదాన్ని. ఆ కాలపు అధికారి బతుకంటే కత్తి దుయ్యడమే అనుకున్నాను. కాదని అక్కడ తెలిసింది. తను తినకముందే గుర్రానికి మేత పెట్టించాలి. జీను కింద వీపు పుండు పడిందేమో తడిమి చూడాలి. కాళ్లెత్తి లాడాలు చూడాలి. దూరప్రయాణంలో దిగి దాని పక్కనే నడవాలి. గుర్రం కుంటిందంటే అతను ఇంక అధికారి కాదు, బురదలో కాళ్లీడ్చే మామూలు మనిషి. అంకుల్ ఇవన్నీ చెబుతూ నాచేత చేయించేవారు. "దాని వీపు తడిమినంత శ్రద్ధగా నా మోకాళ్లు ఏనాడైనా చూశారేమో అడగమ్మా," అనేవారు ఆంటీ. ఒకసారి మాత్రం నన్ను వంటింట్లోకి పిలిచి, ఆయన రక్తం పలచబడే మందు వాడుతున్నారని, పడితే లోపల రక్తం ఆగదని నెమ్మదిగా చెప్పారు. ఆ తర్వాత ప్రతి శనివారం పట్టీ పట్టుకున్నప్పుడల్లా ఆ మాటే గుర్తొచ్చేది.

ప్రదర్శన రోజు పొద్దున పదింటికే మైదానం చుట్టూ కట్టిన తాడు వెనక జనం. ఆయన ఎక్కే గోధుమరంగు ఆడగుర్రానికి జీను వేసి పట్టీ బిగించాను. నడిపిస్తుంటే తాడు అవతల నుంచి ఒకావిడ, నువ్వూ ఈ దళంలో ఉన్నావా అని అడిగింది. పక్కనున్నవాళ్లంతా నా వైపు తిరిగారు. ఏదో గొణిగాను. వాళ్ల చూపుల నుంచి తప్పించుకుంటే చాలని గుర్రాన్ని నేరుగా ఎక్కడానికి వేసిన బల్ల దగ్గరికి తీసుకెళ్లి, జీను ఒరగకుండా అవతలి వైపు కాలు పెట్టే రికాబు నొక్కిపట్టుకున్నాను. అంకుల్ బల్ల మీంచి ఎక్కారు. పట్టీ చూశావా అని అడగలేదు. నేను చూస్తానని ఆయనకి నమ్మకం.

దళంలోని పన్నెండు గుర్రాలూ మైదానం అవతలి చివర వరసగా నిలబడ్డాక గుర్తొచ్చింది.

ఒకసారి బిగించింది చాలేమో అనుకున్నాను. ఇంకెవరైనా చూసుంటారేమో అనుకున్నాను. ఇంతమంది ముందు అరిస్తే, తీరా అంతా బాగానే ఉంటే? చెప్పడానికి సిగ్గేస్తోంది కానీ, ఆ క్షణంలో ఆయన పడిపోతారన్న భయమూ అందరూ నన్ను చూస్తారన్న భయమూ సమానంగా ఉన్నాయి.

బాకా ఊదారు. ముందు నడక, తర్వాత చిన్న పరుగు, ఆ తర్వాత దౌడు. అది వాళ్ల పద్ధతి. నడకలోనే జీను కింది ఎర్రగుడ్డ ఒక పక్కకి జానెడు దిగడం కనిపించింది.

తాడు కింద నుంచి దూరాను. గుర్రాలకి ఎదురు పరిగెత్తకూడదని ఆయనే నేర్పారు. రెండు చేతులూ ఎత్తి నడిచాను. కాళ్ల కింద నేల అదురుతోంది. నా గొంతు నాకే కొత్తగా వినిపించింది.

"అంకుల్, ఆపండి. పట్టీ వదులుగా ఉంది."

ఆయన పగ్గాలు లాగారు. పక్కవాళ్లూ ఆగారు. దగ్గరికెళ్లి అవతలి రికాబు మీద నా బరువంతా వేసి పట్టుకుంటే, దళం నాయకుడు వచ్చి ఆయన్ని దించాడు. అంకుల్ పట్టీ కింద చెయ్యి పెట్టారు. మణికట్టు దాకా దూరిపోయింది.

"ఎన్నిసార్లు బిగించావు?"

"ఒక్కసారే."

ఆయన బిగించమని చేత్తో చూపించారు. రెండు రంధ్రాలు పైకి లాగాను. ఇదంతా ఆటలో భాగమనుకుని జనం చప్పట్లు కొట్టారు. మళ్లీ ఎక్కుతారా అని నాయకుడు అడిగాడు. ఇవాళ్టికి వద్దని చెప్పి, అంకుల్ పగ్గాలు అతనికి ఇచ్చేశారు.

ఇద్దరం తాడు వైపు నడిచాం. ఆయన నా భుజం మీద చెయ్యి వేశారు. నన్ను ఓదార్చడానికి అనుకున్నాను. నాలుగడుగులు వేశాక ఆయన బరువు మొత్తం నా మీదికి వచ్చింది. ఆయనా నాలాగే భయపడ్డారని అప్పుడు తెలిసింది. నేను పక్కకి తిరిగి ఆయన మొహం చూడలేదు. ఆయన అడుగుకి అడుగు కలుపుతూ నెమ్మదిగా నడిచాను.