ఊకెనే ఎవరు నేర్పిస్తరు?

మౌస్ ముట్టుకోకుండా కంప్యూటర్ మీద పనిచేసే మనిషిని స్వప్న అంతకుముందు చూడలేదు. చూసిన మొదటి రోజే అతని మీద అనుమానం కలిగింది.

ఔటర్ రింగు రోడ్డు కోసం మట్టి పోస్తున్న రోజులవి. ఇబ్రహీంపట్నం చుట్టుపక్కల చేన్లన్నీ ప్లాట్లవుతున్నాయి. సాగర్ రోడ్డు మీద, స్టీలు సామాన్ల దుకాణం పై అంతస్తులో ఒక వెంచర్ ఆఫీసు ఉండేది. యజమాని జోగారావు కోస్తా నుంచి వచ్చి హయత్‌నగర్‌లో స్థిరపడ్డవాడు. ఆదివారం వచ్చిందంటే సిటీ నుంచి బస్సులో కొనేవాళ్ళను రప్పించి, ముందు హాల్లో తెర మీద స్లైడ్లు వేసి చూపించి, ఆ తర్వాతే స్థలం దగ్గరికి తీసుకుపోయేవాడు. ఆ స్లైడ్లు తయారుచేసేది శ్యామ్. అతనికి సాయంగా స్వప్నను పెట్టుకున్నారు.

స్వప్నది మంచాల. తండ్రి సైదులు మంచాలకూ ఇబ్రహీంపట్నానికీ మధ్య షేర్ ఆటో నడిపేవాడు. డిగ్రీ అయ్యాక ఆమె బస్టాండు దగ్గర ఒక కంప్యూటర్ సెంటర్‌లో చేరింది. మొదటి నెల ఉచితమన్నారు. చేరాక ఒరిజినల్ సర్టిఫికెట్లు తీసుకుని, అడిగితే ఫీజు కడితేనే ఇస్తామన్నారు. సైదులు పదిమందిని వెంటేసుకుని పోయి గొడవపడితే గానీ అవి తిరిగి చేతికి రాలేదు. అప్పటినుంచి ఉచితం అన్న మాట వింటేనే స్వప్న వెనక్కి తగ్గేది.

ఆఫీసులో చేరిన వారంలోనే శ్యామ్ ఆమె కుర్చీ వెనక వచ్చి నిలబడ్డాడు. ఆమె లేఅవుట్ బొమ్మ గీస్తోంది. ప్లాటుకొక డబ్బా చొప్పున కాపీ చేసి, పేస్టు చేసి, మౌస్‌తో లాగి పక్కన పెడుతోంది. ఒకటి పైకి, ఒకటి కిందికి పోతున్నాయి.

"ఎందుకండీ అంత అవస్థ? డబ్బా మీద ఉండగానే కంట్రోల్ పట్టుకుని డి నొక్కండి. వచ్చిన నకలుని ఒక్కసారి పక్కన సరిగ్గా పెట్టి, మళ్ళీ అదే నొక్కి చూడండి," అన్నాడు.

నొక్కింది. మూడో డబ్బా సరిగ్గా అంతే ఎడంలో వచ్చి నిలబడింది. మళ్ళీ నొక్కితే నాలుగోది. చూస్తుండగానే వరుస నిండిపోయింది. ఆమెకు సంతోషం కలగాల్సింది, కానీ భయం వేసింది. అడగకుండానే ఈయన ఎందుకు చెప్తున్నాడు?

ఇంట్లో చెబితే తల్లి నాగులమ్మ చేస్తున్న పని ఆపి చూసింది. "ఊకెనే ఎవరు నేర్పిస్తరే? పెండ్లయ్యిందా గాయనకు?"

"నాకేం ఎర్కనే? అడుగుతనా?"

"జర దూరంగుండు బిడ్డా," అన్నాడు సైదులు.

దూరంగానే ఉంది. అతను మాత్రం రోజుకొకటి చెబుతూనే ఉన్నాడు. కొత్త స్లైడుకు కంట్రోల్, ఎమ్. ఒక అక్షరానికి పెట్టిన రంగూ సైజూ ఇంకోదానికి రావాలంటే కంట్రోల్, షిఫ్ట్, సి నొక్కి ఎత్తుకుని, అలాగే వి నొక్కి దించాలి. చూపించడం మొదటినుంచి కావాలంటే ఎఫ్ ఫైవ్, ఉన్న స్లైడు నుంచే కావాలంటే షిఫ్ట్‌తో ఎఫ్ ఫైవ్. చెప్పేటప్పుడు చేతులు వెనక్కి కట్టుకుని దూరంగా నిలబడేవాడు. అదీ ఆమెకు అనుమానమే. తప్పు ఆలోచన లేని మనిషికి అంత జాగ్రత్త ఎందుకు?

ఏ మీట చెప్పినా ముందు ఫైలుకు ఇంకో కాపీ తీసి పెట్టుకుని, తర్వాతే నొక్కేది. అంతా చెరిగిపోతే నేరం తన మీద పడుతుందని. ఒకసారి అతను గమనించాడు.

"రెండు కాపీలెందుకండీ?"

"ఊకెనే సార్."

అతని ప్రశ్నలు ఇంకా వింతగా ఉండేవి. సిటీలో చుట్టాలున్నారా? ఇంట్లో సంబంధాలు చూస్తున్నారా? ఇక్కడ పని నచ్చిందా? ఆమె దేనికీ తిన్నగా జవాబు చెప్పేది కాదు.

కింద టీ అమ్మే బుచ్చి ఒకరోజు గ్లాసు అందిస్తూ గొంతు తగ్గించింది. "నీకు ముంగట లాస్య అని ఓ పిల్ల ఉండెనమ్మా. ఆ పిల్లకు గూడ గిట్లనే దగ్గరుండి నేర్పిండు. ఓనాడు ఏడ్సుకుంట మెట్లు దిగిపోయింది. మల్ల రాలే."

"ఏమైందక్కా?"

"నాకెట్ల తెలుస్తది? పైన జరిగేది పైననే."

స్వప్నకు ఆ రోజు టీ సహించలేదు. ఆ మర్నాడు భోజనం చేసి త్వరగా పైకి వచ్చేసరికి, శ్యామ్ ఆమె కుర్చీలో కూర్చుని ఆమె కంప్యూటర్‌లో ఏదో చూస్తున్నాడు. ఆమెను చూసి చటుక్కున లేచి, ప్రింటర్ సరిచూస్తున్నానని చెప్పి వెళ్ళిపోయాడు. ఆమె కూర్చుని చూస్తే, ఫైళ్ళు వెతికే గడిలో ఒక మాట అలాగే మిగిలి ఉంది: బయోడేటా.

"సంబంధానికే!" అంది నాగులమ్మ విన్న వెంటనే. "లేకుంటే నీ బయోడేటా గాయనకెందుకు? కులమేందో, గోత్రమేందో చూస్తుండు. రేపటిసంది పోకు."

స్వప్న మానెయ్యదలచుకోలేదు. సంగతి తేల్చుకోవాలనుకుంది. పాత స్లైడ్లలో చివరిదాని మీద, వివరాలకు సంప్రదించమని లాస్య పేరూ ఫోన్ నంబరూ ఉన్నాయి. సాయంత్రం తండ్రి ఆటోలో కూర్చుని, అతని సెల్లుతోనే చేసింది. సైదులు ఇంజను ఆపి చెవి అటే పెట్టాడు.

తానెవరో చెప్పి, శ్యామ్ సంగతి అడగ్గానే అవతల లాస్య నవ్వింది. "ఆయనా? అయ్యో, మీరు భయపడాల్సిన మనిషి కాదండీ. ఆయన జోగారావుగారి బావమరిది. ఆయన భార్య రమణిగారికి సొంత తమ్ముడు. ఆఫీసులో బావగారిని కూడా సార్ అనే పిలుస్తాడు కాబట్టి ఎవరికీ తెలీదు."

"మరి నేర్పుడెందుకు?"

"సిటీలో కార్టూన్లు తయారుచేసే స్టూడియోలో చేరాలని ఆయనకి ఎప్పటినుంచో ఆశ. నీ పనంతా ఇంకొకరికి వచ్చాకే కదులు అని బావగారి షరతు. నాకు నేర్పాడు. నేను నేర్చుకుని, మాదాపూర్‌లో ఉద్యోగం దొరగ్గానే వచ్చేశాను. మానేస్తున్నానని చెప్పిన రోజు జోగారావుగారు కస్టమర్ల నంబర్లు ఎత్తుకుపోతున్నానని కేకలేశారు. శ్యామ్‌గారు మాత్రం నన్ను ఒక్క మాటా అనలేదు. నాకు అదే ఇప్పటికీ బాధగా ఉంటుంది."

ఫోను పెట్టేశాక సైదులు ఊపిరి వదిలాడు. "మంచోడే గదనే!"

"మంచోడా?" స్వప్నకు భయం పోయి కోపం వచ్చింది. "నన్ను ఆ కుర్సీకి కట్టేసి తను పోదామని చూస్తుండు బాపు."

మర్నాడు జోగారావు రాకముందే ఆమె శ్యామ్ బల్ల దగ్గరికి వెళ్ళింది. "సార్, నా కంప్యూటర్ల బయోడేటా ఎందుకు దేవులాడిన్రు?"

అతని ముఖం పాలిపోయింది. "మీరూ ఎక్కడైనా ఉద్యోగానికి దరఖాస్తు పెడుతున్నారేమోనని. తప్పే. క్షమించండి."

"నేనేమో మీరెందుకు నేర్పిస్తున్నరని నిద్ర లేకుంట అయిన. మా అమ్మ సంబంధం అనుకుంటుంది. గదేదో మొదలే చెప్తే అయిపోవు గద?"

"చెబితే మీరు నేర్చుకోరని భయమేసింది."

స్వప్న అతని ఎదుటి కుర్చీలో కూర్చుంది. తర్వాత ఇలా అంది: "జన్మంత ఈడనే కూసుంటనని మాటియ్య సార్. కానీ మీకన్న ముంగటైతే పోను. మిగిలినయి గూడ చెప్పున్రి. ఇంకోపారి నా కుర్సీల కూసోవద్దు."

ఆ తర్వాత పని వేగంగా సాగింది. శ్యామ్ దాచుకున్నవి కూడా చెప్పాడు. స్లైడ్లు నడుస్తుండగా నంబరు కొట్టి ఎంటర్ నొక్కితే నేరుగా ఆ స్లైడుకే పోవచ్చు. బి నొక్కితే తెర నల్లబడుతుంది, మళ్ళీ నొక్కితే వెలుగుతుంది. అన్నిటికన్నా ముందు ఆమెకు ఇంకోటి నేర్పాడు. కుర్చీలోంచి లేచేటప్పుడు విండోస్ మీటతో ఎల్ నొక్కితే కంప్యూటర్‌కు తాళం పడుతుంది.

ఒక ఆదివారం శ్యామ్ వెనక బెంచీ మీద కూర్చున్నాడు. స్లైడ్లు స్వప్నే నడిపింది. బ్యాంకులో చేసి రిటైరైన పెద్దమనిషి ఒకాయన, చెరువు బొమ్మ ఇంకోసారి వేయమన్నాడు. ఆమె తొమ్మిది కొట్టి ఎంటర్ నొక్కింది. అంతలో తెర మీద మూలప్లాటు కనిపించగానే ఇద్దరు కస్టమర్లు అది నాదంటే నాదని లేచారు. స్వప్న బి నొక్కింది. తెర నల్లబడింది. ఇద్దరూ ఒక్కసారి ఆగి జోగారావు వైపు తిరిగారు.

జోగారావు పైకి చూశాడు. ఫ్యాన్లు తిరుగుతున్నాయి. కరెంటు పోలేదు. కస్టమర్లకు సర్ది చెప్పాడు గానీ చూపంతా స్వప్న మీదే ఉంది.

అందరూ వెళ్ళాక దగ్గరికి వచ్చాడు. "ఏం నొక్కావమ్మా? ఏం దాచావు?"

"దాచలే సార్. కొట్లాట ఆగాలని నల్లగ జేసిన."

"ఎవరు చెప్పారు అలా చెయ్యమని?" ఇద్దరినీ మార్చి మార్చి చూశాడు. "ఏదో అనుకునే ఉన్నారు మీరిద్దరూ."

శ్యామ్ లేచి నిలబడ్డాడు. ఆఫీసులో మొదటిసారి అతన్ని బావా అని పిలిచాడు. "అనుకున్నాం బావా. ఆమెకి పని మొత్తం వచ్చింది. నేను వెళ్తాను."

జోగారావు నమ్మలేదు. ఏ పోటీ వెంచర్ వాళ్ళు పిలిచారో చెప్పమని నిలదీశాడు. వారంపాటు ఇంట్లో పంచాయితీ నడిచింది. చివరికి రమణి గట్టిగా నిలబడి తమ్ముణ్ణి వదిలించింది. స్టూడియోకి స్వయంగా వెళ్ళి, అది నిజంగా ఉందో లేదో చూసి వచ్చాకే జోగారావు సరే అన్నాడు.

శ్యామ్ వెళ్ళేముందు స్వప్నకు చెయ్యి ఊపాడు.

ప్లాట్లన్నీ అమ్ముడయ్యేదాకా ఆమె అక్కడే పనిచేసింది. తర్వాత బస్టాండు వెనక చిన్న గది అద్దెకు తీసుకుని, చుట్టూ ఉన్న ఇంజనీరింగ్ కాలేజీ పిల్లలకు సెమినార్ స్లైడ్లు తయారుచేయడం మొదలుపెట్టింది. యాచారం వైపు కొత్త వెంచర్ వేసినప్పుడు జోగారావు కూడా ఆమె దగ్గరికే వచ్చాడు. వచ్చి కుర్చీ వెనక నిలబడి, ఏ మీట నొక్కితే ఏమవుతుందోనని వంగి చూస్తున్నాడు.

"బయట కూసోండి సార్. అయినంక పిలుస్త," అంది స్వప్న.

ఆయన బెంచీ మీద కూర్చుని, పని అయ్యేదాకా తలుపు అద్దంలోంచి చూస్తూనే ఉన్నాడు.