నేను కొట్టని ఐదు దెబ్బలు

దయ్యాలను నమ్మేవాడినైతే నా పని ఎప్పుడో తేలికయ్యేది. మా కెప్టెన్ ముక్కు పగలగొట్టింది ఫలానా అని ఒక కాగితం మీద రాసిచ్చి బయటపడేవాడిని. నేను నమ్మను. అప్పుడూ నమ్మలేదు, ఇప్పుడూ నమ్మను. అందుకే జరిగింది జరిగినట్టు రాస్తున్నాను.

మా డిగ్రీ కాలేజీ కొత్తగూడెం దాటి భద్రాచలం వైపు పోయే దారిలో, అడవికి ఆనుకుని ఉంటుంది. మూడేళ్లు అక్కడి బాస్కెట్‌బాల్ జట్టులో ఉన్నాను. జట్టులో అందరికన్నా పొడుగు నేనే. అయినా చివరి ఏడాది దాకా మొదటి ఐదుగురిలో చోటివ్వలేదు. ఏ మ్యాచ్‌లో ఎంతసేపు బెంచీ మీద కూర్చోబెట్టారో ఇప్పటికీ చెప్పగలను.

చివరి ఏడాది సీజన్‌కు ముందు, వానలకు మా బాస్కెట్ రింగు పోల్ వెనక బరువుకు పెట్టిన ఇసుక బస్తాలు చిరిగిపోయాయి. అది చక్రాల మీద జరిపే ఇనుప పోల్. వెనక బరువు లేకపోతే, ఎవరైనా రింగు పట్టుకుని వేలాడితే ముందుకు పడుతుంది. గ్రౌండ్ గోడ అవతల చెట్ల మధ్య పొడవాటి రాళ్లు పడి ఉన్నాయి. కెప్టెన్ నవీన్ వాటిని చూపించి, "అరేయ్ సంపత్, గంత ఎత్తు పెరిగినవ్, గా పెద్దది నువ్వే మొయ్యి" అన్నాడు.

నవీన్, షఫీ, అనిల్, రాజేశ్ తలా ఒకటి తెచ్చారు. పెద్దది నేను తెచ్చాను. గోడ దగ్గర దించుతుంటే నా కాలు రాయికి తగిలింది. పుస్తకానికి కాలు తగిలితే చేసినట్టే, అలవాటుగా దాన్ని తాకి కళ్లకద్దుకున్నాను.

"ఏందిరా, రాయికి మొక్కుతున్నవ్? పూజారివా?" అన్నాడు నవీన్. అందరూ నవ్వారు. ఆ రోజు నుంచి నా పేరు పూజారి. సంపత్ అని పిలిచినవాడు లేడు.

మరునాడు పోల్ వెనక బరువుగా పేర్చిన ఆ రాళ్లను లచ్చయ్య తాత చూశాడు. ఆయన మా గ్రౌండ్ చూసుకునే మనిషి, పక్కనున్న అడవి ఊరివాడు. ఆ ఊళ్లో పెద్దలు పోతే వాళ్ల పేరున రాయి నిలబెడతారు.

"అవి రాళ్లు గావు బిడ్డా, మా పెద్దలు. ఎవల్ని అడిగి తెచ్చిండ్రు?"

"కింద పడి ఉన్నయ్ గద తాతా. సీజన్ అయినంక మళ్ల పెడతం" అన్నాడు నవీన్.

ఇప్పుడే తిరిగి పెడదామని నేనన్నాను. పూజారికి భయమైతున్నదని నవ్వారు. భయంతో అనలేదు. అడగకుండా తేవడం తప్పు కాబట్టి అన్నాను. ఆ తేడా ఎవరికీ పట్టలేదు. ఆటలు నేర్పే పీడీ సారు కూడా సీజన్ అయ్యాక చూద్దామన్నారు.

మొదటి మ్యాచ్ వైరా వైపు నుంచి వచ్చిన జట్టుతో. రీబౌండ్‌కు ఎగిరిన షఫీ కిందికి వచ్చేసరికి కనుబొమ్మ ఎముక దాకా చీలి ఉంది. మేము తాకలేదని వాళ్లు ఒట్టేశారు. మావాళ్లు వినలేదు. బెంచీ ఎత్తి కొడితే అవతలి కుర్రాడి మణికట్టు విరిగింది.

వారం తిరక్కముందే ప్రాక్టీసులో అనిల్ ముందు పళ్లు రెండూ రాలాయి. రింగు కింద ఒక్కడే ఉన్నాడు. నేను కోర్టు మధ్యలో బూటు లేసు కట్టుకుంటున్నాను. తర్వాత రాజేశ్ భుజం ఎముక విరిగింది. దవాఖానాలో డాక్టర్ మూడుసార్లూ ఒకటే చెప్పాడు: పై నుంచి పడ్డ మోచేతి దెబ్బ, కొట్టినవాడు బాగా పొడుగై ఉండాలి.

అందరూ నా వైపు చూశారు. ఖాళీ అయిన చోట నన్నే ఆడించారు మరి. మూడేళ్ల కిందట ఇవ్వాల్సిన చోటు అది. కావాలనే కొట్టి సంపాదించానన్నారు.

వేరే ఊళ్లలో ఆడినప్పుడు ఎవరికీ గీత కూడా పడలేదు. దీన్ని ఎవరూ లెక్కలోకి తీసుకోలేదు.

సెమీఫైనల్ మా కోర్టులోనే, సాయంత్రం నాలుగింటికి, మంచి ఎండలో. చివరి నిమిషం. ఒక్క పాయింటు వెనకబడి ఉన్నాం. ఫ్రీ త్రో నాది. రీబౌండ్ కోసం నవీన్ రింగు పక్కన నిలబడ్డాడు. అతని పక్కనున్న అవతలి ఆటగాడు రెండు చేతులూ మోకాళ్ల మీద పెట్టుకుని వంగి ఉన్నాడు.

బంతి వదిలాను. నా చేతులింకా పైనే ఉన్నాయి. ఎండు వెదురు విరిగినట్టు చప్పుడైంది. నవీన్ తల వెనక్కి విసురుగా వెళ్లింది. ముక్కు చితికి ముఖంలో కలిసిపోయింది. కిందపడ్డవాడు లేచి, నెత్తురు కారుతుంటే ఎదురుగా ఖాళీలోకి రెండు గుద్దులు విసిరాడు. అవి ఎవరికీ తగల్లేదు, అంతలోనే రెండో దెబ్బ నవీన్ దవడ మీద పడింది. కాళ్లు నేలను వదిలేంత గట్టిగా.

"పూజారిగాడే" అని ఎవరో అరిచారు. మా జట్టువాళ్లే నన్ను కిందపడేసి తన్నారు. రెండు పక్కటెముకలు విరిగాయి. అందరికన్నా ముందు తన్నిన కాలు షఫీది.

నడవగలిగాక వెళ్లి, తాతతో కలిసి రాళ్లను వాటి చోట నిలబెట్టాను. నేను మోసింది వాళ్ల నాయనదట. పేరు కూడా చెప్పాడు. "మా నాయన ఏదీ మరువడు బిడ్డా. మర్యాద ఇచ్చినోన్నీ మరువడు, ఇయ్యనోన్నీ మరువడు."

ఇలాంటివి నేను నమ్మనని చెప్పాను. "నువ్వు నమ్ముడు ఎందుకు, రాయి సక్కగ వట్టు" అన్నాడు.

కాలేజీ నా కాండక్ట్ సర్టిఫికెట్ ఆపేసింది. అది లేకపోతే స్పోర్ట్స్ కోటాలో కానిస్టేబుల్ ఉద్యోగానికి నన్ను పిలవరు. భద్రాచలం దవాఖానాలో ఉన్న నవీన్ దగ్గరికి వెళ్లాను. దవడకు తీగలు కట్టారు. పళ్ల సందుల్లోంచి మాట్లాడాడు.

"నువ్వు గాదు. నాకు ఎరికే."

"మరి రాసియ్యి."

"ఎవలని రాయాలె సంపత్?"

పూజారి అనడం మొదలయ్యాక నన్ను పేరు పెట్టి పిలిచింది అప్పుడే. రాసివ్వలేదు.

అవతలి జట్టు మనిషి ఫోన్‌లో తీసిన వీడియో సంపాదించి ప్రిన్సిపాల్‌కు చూపించాను. నవీన్ పడేటప్పుడు నా రెండు చేతులూ గాల్లో ఉన్నాయి. ఆయన నాలుగుసార్లు చూశారు. "నువ్వు కాదని ఒప్పుకుంటా. ఎవరో ఒకరి పేరు రాయి, ఫైలు మూసేస్తా" అని విచారణ ఫారం నా ముందుకు తోశారు.

ఆ ఫారం రెండేళ్లుగా నా దగ్గరే ఉంది. మిగతా గడులన్నీ నింపాను. కొట్టినవారి పేరు అన్న గడి ఒక్కటే ఖాళీ. ఆ ఐదు దెబ్బలు ఎలా పడ్డాయో నాకు ఇప్పటికీ తెలియదు. రాయడానికి తాత చెప్పిన పేరైతే ఒకటి తెలుసు. కానీ కొట్టగా నేను చూడలేదు. చూడకుండా ఒకరి పేరు చెప్పడం వాళ్లు నాకు చేసిన పని. నేను చెయ్యను.