నారాయణి ఇంట్లో ఆవు

కేరళలో కణ్ణూరు దాటాక మా గుట్ట మీద గడ్డి తప్ప ఏదీ మొలవదు. కింద మాత్రం ఎర్రరాయి ఉంది, ఇటుకల్లా కోసి అమ్ముకోవచ్చు. నేల మనదే గానీ, రాయి సర్కారు సరేనంటేనే మనది. పైగా తవ్వే చోటికి యాభై మీటర్ల లోపల మనుషులుండే ఇల్లు ఉండకూడదంటారు.

క్వారీకని కణారన్ పెట్టిన అర్జీ సరిగ్గా అక్కడే ఆగిపోయింది. అడ్డొచ్చిన ఇల్లు అతని అక్క నారాయణిది.

ఆ ఇల్లు ఎలా లేచిందో నాకు తెలుసు. కల్లుగీసే మొగుడు కొబ్బరిచెట్టు మీంచి పడి చచ్చిపోయాక, నారాయణి నాతో పాటు పక్కూరి క్వారీలో రాళ్లు మోసింది. మేస్త్రీ పారేసిన విరుగు రాళ్లు సాయంత్రం నెత్తిన పెట్టుకుని తెచ్చుకునేది. అవి ఎండకీ వానకీ గట్టిపడ్డాకే గోడకెక్కించేది.

"మొగుడు పోయిన ఆడదీ, పచ్చి రాయీ ఒకటేనే. ఓ వానాకాలం తడిస్తేగానీ గట్టిపడవు" అని నవ్వేది. ఇంటికి దక్షిణాన, మొగుణ్ణి కాల్చిన చోట, రోజూ సందెవేళ దీపం పెట్టేది. మా వైపు దీపం వెలిగితేనే అది ఇల్లు.

తనిఖీ ముందురోజు కణారన్ వచ్చాడు.

"అక్కా, ఒక్క పూట. సామాను మా ఇంట్లో పెట్టు. పొయ్యి వెలిగించకు, దీపం పెట్టకు. ఆవుని లోపల కట్టేద్దాం."

"నడింట్లో ఆవునా? నీకేమన్నా మతిపోయిందట్రా?"

"తమ్ముడు బాగుపడితే నీకు కడుపుమంటా?"

ఆ మాటతో ఆవిడ చల్లబడిపోయింది. పుట్టింటి మగాడి మాటంటే మా ఆడవాళ్లకి వేదవాక్కు. ఆ రోగానికి మందు లేదు.

మర్నాడు ఆఫీసరు లోపలికి తొంగి చూశాడు.

"గొడ్ల పాకకి ఇంత నున్నటి గచ్చేమిటయ్యా?"

"మా ఆవుకి కాస్త డాబెక్కువ సార్" అన్నాడు కణారన్.

అందరూ నవ్వారు. నారాయణీ నవ్వింది. మధ్యాహ్నం తమ్ముడింట్లో అదే ఆఫీసరుకి చేపల పులుసు వండి కొసరి కొసరి వడ్డించింది.

అనుమతి వచ్చింది, రాయి కోసే మిషన్లు దిగాయి. మొదట దుమ్ము, ఆ తర్వాత గోడలో పగులు. చివరికి మొగుడి దీపపు గట్టు గోతిలోకి జారిపోయింది. ఆ రోజు నారాయణి ఏడుస్తూ ఆఫీసుకి బయల్దేరితే నేనూ తోడు వెళ్లాను.

"ఇల్లేమిటమ్మా? అక్కడున్నది గొడ్ల పాక. నేను కళ్లారా చూశాగా" అన్నాడు ఆఫీసరు. ఆవిడ మొహం తేరిపార చూసి, "ఆ రోజు చేపల పులుసు మీదే కదూ? భలే ఉందండీ" అన్నాడు.

నా చెయ్యి చెప్పు మీదికి పోయింది. నారాయణి నన్ను బయటికి లాక్కొచ్చింది.

"ఇప్పుడు ఇల్లుందంటే, అబద్ధం చెప్పామని ఇద్దర్నీ లోపలేస్తారు. నోరు మూసుకో అక్కా" అన్నాడు కణారన్, మేం ఊళ్లోకి తిరిగొచ్చాక.

కర్కాటక మాసం వానలకి గోడలు గోతిలోకి కూలాయి. ఆవు మేతకెళ్లింది కాబట్టి బతికింది. నారాయణి కూడా బతికింది. పోయేపాటి అదృష్టం ఆవిడకెక్కడిది!

తమ్ముడు ఆవిణ్ణి తన ఇంట్లో పెట్టుకోలేదు. పెరటి చివర గొడ్ల పాకలో ఓ మూల చూపించాడు. "ఆవుకి తోడుంటుంది" అని ఊరంతా చెప్పుకున్నాడు. ఆ మూలలోనే ఆవిడ ఓ ప్రమిద పెట్టుకుంది.

నిన్న సందెవేళ నేను అక్కడే కూర్చుని ఉన్నాను. కణారన్ వచ్చాడు. క్వారీని పెరటి వైపు పెంచడానికి మళ్లీ అర్జీ పెట్టాడు.

"రేపు ఆఫీసరొస్తున్నాడక్కా. దీపం పెట్టకు. పాకలో మనిషుందనుకుంటారు."

అప్పటికే దీపం వెలుగుతోంది. నారాయణి వంగి, నోటితో ఊది ఆర్పేసింది. దీపాన్ని నోటితో ఊదకూడదని నాకు నేర్పింది ఆవిడే.

"పులుసుకి చేపలు తెచ్చావా?" అని అడిగింది తమ్ముణ్ణి.