ఈరవ్వ గుర్తుపట్టిన నీలం పోగు

పోచంపాడ్‌ ఈరవ్వ నిజామాబాద్ మార్కెట్‌లో ముప్పై ఏళ్లుగా చేపలు అమ్ముతోంది. భర్త నర్సింలు తమ ఊరి డ్యాం వెనక నీళ్లలో వల వేసి తెచ్చిన రవ్వ, బొచ్చె చేపలే ఆమె సరుకు. కత్తిపీట మీద చెయ్యి ఎంత చురుగ్గా ఆడుతుందో, నోరూ అంతే. ఆ ముచ్చట్ల కోసమే దూరం నుంచి వచ్చే గిరాకీలు కూడా ఉన్నారు.

నిరుడు వానకాలంలో ఒకామె వచ్చి చేప అడగలేదు.

"అక్కా, మీరు పారేసే పేగులు నాకిస్తరా?" అంది. ఆమె పేరు సుమన, డిగ్రీ కాలేజీలో జంతుశాస్త్రం లెక్చరర్.

"ముక్కలిడిసిపెట్టి పేగులడుగుతున్నవేంది బిడ్డా? పిల్లిని సాదుతున్నవా?"

చుట్టూ ఉన్నవాళ్లు పగలబడి నవ్వారు. సుమన కూడా నవ్వి, చేపలు ప్లాస్టిక్ మింగుతున్నాయేమో చూడాలని చెప్పింది. ఈరవ్వకు నమ్మకం కలగలేదు. అయినా ఒక్కో చేప పేగును మోదుగాకులో విడిగా కట్టి, వారం వారం ఇచ్చింది.

రెండు నెలలకు సుమన ఆమెను ల్యాబ్‌కు తీసుకెళ్లి, మైక్రోస్కోపు ముందు కూర్చోబెట్టింది. ఈరవ్వ ఒక కన్ను మూసి చూసింది. తాడులా మెలికలు తిరిగిన నీలం పోగు కనిపించింది. మామూలు కంటికి అది వెంట్రుక ముక్కంత కూడా లేదు.

"ఓయమ్మ! గిది మా వల పోగే!"

ఆమె నవ్వు ఆగిపోయింది. ఒడ్డున కూర్చుని వల బాగుచేసేటప్పుడు చిరిగిన నైలాన్ పోగులు కోసి నీళ్లలోకి విసరడం నర్సింలుకు అలవాటు. పక్కన కూర్చుని తనూ విసిరింది, ఎన్నో ఏళ్లు.

"మరి గీ చేప తింటే మనకేమైతది?" మెల్లగా అడిగింది.

"పేగు మంచిగ తీస్తే చాలావరకు పోతది అక్కా. ఇంకా సన్నటి తునకలు మనుషుల రక్తంల గూడ దొరికినయ్. అవి ఎంత చెడుపు చేస్తయో డాక్టర్లు ఇంకా తేల్చలే."

ఆ సాయంత్రం ఇంట్లో పెద్ద పంచాయితీ అయింది.

"డ్యాం నిండ నీళ్లున్నయ్. గా పోగు ఏం జేస్తదే?" అన్నాడు నర్సింలు.

"వల నీదొక్కనిదేనా? ఒడ్డు పొడుగూత గదే పని జేస్తున్నరు. గవన్ని ఏడికి పోతున్నయ్?"

మర్నాడు నర్సింలు చెయ్యి అలవాటు ప్రకారమే పోగుల్ని నీళ్లలోకి విసిరింది. ఈరవ్వ చిన్న గోనెసంచి తెచ్చి అతని నడుముకు కట్టేసింది.

"నర్సింలన్నా, కొత్త మొలతాడా?" అని తోటివాళ్లు ఆటపట్టించారు. నర్సింలుకు మొదట సిగ్గేసింది, తర్వాత పంతం పుట్టింది. చేపలు పట్టేవాళ్ల సంఘం మీటింగులో తనే లేచి, వల ముక్కలు ఎవరూ నీళ్లలో వెయ్యొద్దన్నాడు. ఎండాకాలం నాటికి ఒడ్డున నాలుగు పెద్ద బస్తాలు నిండాయి. వాటిని కరిగించి మళ్లీ వాడేందుకు తీసుకుపోయేవాళ్లను సుమన వెతికిపెట్టింది. నీళ్లలో ఇదివరకే కలిసింది ఇక బయటికి రాదు. కొత్తగా పడేది మాత్రం తగ్గింది.

ఈరవ్వ గిరాకీల దగ్గర ఏమీ దాచలేదు. విని ఇద్దరు ముగ్గురు చేపలు మానేశారు. పేగు శుభ్రంగా తీసి, కడుపు లోపల రెండుసార్లు కడిగి ఇస్తోందని తెలిసి, తిరిగి ఆమె దగ్గరికే వచ్చారు.

ఈ మధ్య సుమన ఆమెను, పిల్లలకు చేప కోసి చూపించమని కాలేజీకి పిలిచింది. ఈరవ్వ కుర్చీ వద్దని, కొత్త చీర కుచ్చిళ్లు దోపుకుని కింద కత్తిపీట వేసుకుంది.

"పుస్తకాలు ముయ్యుండ్రి. వాసన పడనోళ్లు ముక్కు గూడ ముయ్యుండ్రి!"

పిల్లలు నవ్వుతూ చుట్టూ మూగారు. ఆమె చేప కడుపు కోసి, పేగు వేలి మీదికి తీసి చూపిస్తుండగా, వెనక బెంచీలో కూర్చున్న నర్సింలు చెయ్యెత్తాడు.

"జర పక్కకు జరుగుండ్రి. నాకు అవుపడ్తలేదు!"